నిద్రపుచ్చిన చేయి

పోయిన వారం కథ చదవడం ఆపినప్పుడు మీరు నన్ను పెద్ద మేడమ్ గది బయట, ఒక కాలు పొట్టిగా ఉన్న బల్ల మీద కూర్చోబెట్టి వెళ్ళిపోయారు. అప్పటినుంచి అక్కడే ఊగుతున్నాను. కొత్తగా వచ్చిన వాళ్ళ కోసం రెండు ముక్కలు చెబుతాను. నేను ఒకటో తరగతి టీచర్ని. ఇరవై రెండేళ్ళుగా అయిదేళ్ళ పిల్లల చేత పెన్సిలు పట్టిస్తున్నాను. అక్షరం ఎక్కడ మొదలవుతుందో అక్కడ ఒక చుక్క పెట్టి నేర్పుతాను కాబట్టి బడిలో అందరూ నన్ను చుక్కల టీచర్ అంటారు. నా గదిలో కిటికీ పక్క బెంచీలో ఒక పిల్ల ఉంది. పెన్సిలు వెనక కొరికి కొరికి పొట్టు రాలుస్తుంది కనుక ఉడుత అని పేరు పెట్టాను. దానిది ఎడమ చేతి వాటం. పొద్దున రెండు జడలతో వచ్చి, మధ్యాహ్నానికి ఒక జడ ఊడగొట్టుకుని కూర్చుంటుంది.

సోమవారం ఆ పిల్ల తండ్రి, ఫ్యాన్లు బాగుచేసే ఆయన, బడి వాకిట్లో నిలబడి కేకలేశాడు. పిల్ల ఎడమ మణికట్టు మీద ఎర్రగా గీత పడిందట. ఎవరు కట్టారే అంటే ‘టీచర్ చెప్పింది’ అంటోందట. పిల్లను ఇంటికి తీసుకుపోయాడు. అదే రోజు పెద్ద మేడమ్ బల్ల మీద పేరు లేని ఉత్తరం ఒకటి ప్రత్యక్షమైంది. శుక్రవారం పదకొండింటికి తల్లిదండ్రుల కమిటీ కూర్చుంటుంది. నేను కట్టలేదని తేలకపోతే ఒకటో తరగతి నా దగ్గర్నుంచి తీసేసి సామాన్ల గదికి పంపిస్తారు. మిగిలిన ఉద్యోగమంతా సుద్దముక్కల డబ్బాలు సర్దుకుంటూ గడపాలి. నేను కట్టలేదు. పోయిన వారం చెప్పాను, ఇప్పుడూ చెబుతున్నాను.

బుధవారం తిండి గంటకి ముందు లోపలినుంచి పిలుపొచ్చింది.

పెద్ద మేడమ్ కళ్ళద్దాలు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నారు. ఆవిడ అలా చేశారంటే చెప్పబోయే మాట ఆవిడకే రుచించడం లేదని అర్థం. సొరుగులోంచి ఉత్తరం తీసి బల్ల మీద నా వైపు తిప్పారు.

“చదవండి. ఇక్కడే చదివి ఇచ్చేయండి.”

“ఎవరు రాశారు?”

“అది కాదు ఇప్పుడు. ఇందులో ఉన్నది నిజమా కాదా, అది చెప్పండి చాలు.”

“రాసిన వాళ్ళెవరో తెలిస్తే నిజమో కాదో వాళ్ళనే అడగొచ్చు కదా మేడమ్.”

“మీరు ఇలా మాట్లాడబట్టే టీచర్, నేను వెనకేసుకురావడానికి ఏమీ మిగలడం లేదు,” అన్నారు ఆవిడ.

ఉత్తరంలో మూడే వాక్యాలు. ‘ఒకటో తరగతిలో కిటికీ పక్క కూర్చునే పాప ఎడమ చేతిని రిబ్బనుతో బెంచీకి కడుతున్నారు. ఆ పాప ఆ చేత్తో రాస్తుంది కాబట్టి కడుతున్నారు. దయచేసి ఆపించండి.’

ఒళ్ళు మండింది. కానీ నా వృత్తి పాడుగాను, రాత కనిపిస్తే నేను మాటలు చదవడం ఆపేసి గీతలు చదువుతాను. ఇది చిన్నపిల్లల రాతలా ఉంది, చిన్నపిల్లలు రాసింది మాత్రం కాదు. అక్షరాలు వంకరగా ఉన్నాయి కానీ వరస ఎక్కడా జారలేదు. సున్నాలన్నీ తిరగాల్సిన వైపు కాకుండా రెండో వైపు తిరిగాయి. రాసిన సిరా మీదుగానే చెయ్యి పాకినట్టు ప్రతి వరసా కుడి పక్కకి అలుక్కుపోయింది. ఎడమ చేత్తో రాసే వాళ్ళకు అదే గొడవ, చెయ్యి రాసిన అక్షరాల మీదినుంచే పోతుంది. అయితే ఇది ఎడమ చేతి రాత. అలవాటు లేని ఎడమ చేతి రాత.

తర్వాత చుక్కలు కనిపించాయి.

ప్రతి అక్షరానికీ మొదట ఒక చుక్క ఉంది. కలం ఆనించి, ఒక్క క్షణం ఆగి, అప్పుడు కదిలితే పడే చుక్క. నేను నేర్పే చుక్క అది. అక్షరం చివర కూడా ఇంకో చుక్క ఉంది, అది చూశాక కాగితం కళ్ళకి ఇంకా దగ్గరికి తెచ్చుకున్నాను.

“ఏమిటి అంతసేపు చూస్తున్నారు?” అన్నారు పెద్ద మేడమ్.

“ఏం లేదు మేడమ్. దస్తూరి బాగా లేదు,” అన్నాను.

“రేపు పొద్దున ఆ పాప తండ్రి పాపను తీసుకొస్తానన్నాడు. నా ముందర పాపనే అడుగుదాం. అప్పటిదాకా దయచేసి ఎవరితోనూ గొడవ పడకండి.”

సరేనన్నాను. సరేనని బయటికొచ్చి నేను చేసిన మొదటి పని ఏమిటంటే, మధ్యాహ్నం తిండి గంటలో బడంతా తిరిగి అందరి చేతులూ చూడటం. మనసుకు తెలిసిపోయినా మనిషి ఒప్పుకోదు కదా. పక్క గది ఆవిడ మీద నాకు మూడేళ్ళుగా అనుమానమే. నా గదికి రెండు కిటికీలు ఉన్నాయనీ, తన గదికి ఒకటే ఉందనీ ఆవిడ ఏడుపు. నాలుగు బెంచీల దూరంలో కూర్చుని ఆవిడ డబ్బా మూత తీయడం చూశాను, కలం పట్టడం చూశాను, ముక్కు గోక్కోవడం కూడా చూశాను. అన్నీ కుడి చేతితోనే. “ఏంటి టీచర్, నా చెయ్యేమన్నా కొత్తగా ఉందా?” అని అడిగింది. “గోళ్ళు పెరిగాయి, పిల్లలకు గీసుకుంటాయి,” అన్నాను. ఆయాకు సంతకం తప్ప రాదు. గేటు దగ్గర ఆయన కుడి చేత్తో పజిల్ నింపుతున్నాడు. కుడి చేతి వాళ్ళయినా ఎడమ చేత్తో రాయొచ్చని తెలిసీ ఒక్కొక్కరినీ కొట్టేసుకుంటూ వస్తుంటే, మిగిలిన మనిషి వైపు నా కాళ్ళే వెళ్ళనంటున్నాయి.

ఎందుకంటే రెండు చుక్కల సంగతి నాకు తెలుసు. మొట్టమొదట ఇంట్లో నేర్పేటప్పుడు అక్షరానికి రెండు చుక్కలు పెట్టేదాన్ని. ఇది బస్సు ఎక్కే చోటు, అది దిగే చోటు, మధ్యలో దూకకూడదు అని. తర్వాత తెలిసింది, నేర్చుకునే పిల్ల దిగే చుక్క దగ్గర దిగి కూర్చుంటోంది, పక్క అక్షరానికి పోవడం లేదు. దాంతో బడిలో చేరేటప్పటికే రెండో చుక్క మానేశాను. ఈ బడిలో ఏ పిల్లకూ ఏ పిల్లవాడికీ నేను రెండు చుక్కలు నేర్పలేదు. రెండు చుక్కలతో నేర్చుకున్న మనిషి ఈ ప్రపంచంలో ఒక్కతే ఉంది. ఆమె ఈ బడి ఆఫీసులోనే గుమాస్తా. నాకన్నా పన్నెండేళ్ళు చిన్నది. నా చెల్లి.

సాయంత్రం పిల్లలు వెళ్ళిపోయాక ఆఫీసు గదికి వెళ్ళాను. ఆ గది వరండా కన్నా మూడు మెట్లు పల్లంలో ఉంటుంది. చెల్లి హాజరు పుస్తకాలు వరసగా పేరుస్తోంది. నన్ను చూసి నవ్వింది. ఆ నవ్వు చూస్తే నాకు ఇంకా మండింది.

“టీ తాగుతావా అక్కా? ఫ్లాస్కులో ఉంది.”

“కాగితం ఒకటి ఇవ్వు.”

ఇచ్చింది. కలం కూడా ఇచ్చింది, కుడి చేత్తో. నేను కాగితం, కలం తిరిగి దాని ముందు పెట్టాను.

“రాయి.”

“ఏం రాయాలి?”

“ఏదో ఒకటి. నీ పేరు రాయి. ఎడమ చేత్తో రాయి.”

చెల్లి కలం మూత పెట్టింది. తేలు కుట్టిన దొంగలా నీళ్ళు నములుతుందనుకున్నాను. అలాంటిదేమీ లేదు. పుస్తకాలు పక్కకి జరిపి, నా కళ్ళలోకి సూటిగా చూసింది.

“చుక్కలు పట్టించాయా?” అంది.

“అంటే నువ్వేనా?”

“నేనే. కుడి చేత్తో రాస్తే పెద్ద మేడమ్ గుర్తుపడతారని ఎడమ చేత్తో రాశాను. ఆ చెయ్యి కదలాలంటే చుక్క పెట్టుకోక తప్పలేదు. దానికి వచ్చిందే అంత.”

“తోడబుట్టిన దానివి. మధ్యలో రెండు గదులు కూడా లేవు. నోరు పడిపోయిందా? వచ్చి నన్ను అడిగితే నేను నమిలి మింగేదాన్నా?”

“అడిగితే ఏం చెప్పేదానివి?”

“కట్టలేదని చెప్పేదాన్ని.”

“నేను చూశానక్కా.”

“ఏం చూశావే నువ్వు?”

చెల్లి లేచి తన కుర్చీ వెనక్కి లాగింది. “వచ్చి ఇక్కడ కూర్చో. ఎక్కడ అనుమానం ఉంటే అక్కడే కూర్చుని చూడు.”

కూర్చున్నాను. ఆ కుర్చీలో కూర్చుని కిటికీలోంచి చూస్తే ఎదురుగా నా తరగతి గది గుమ్మం. గది ఎత్తులో ఉంది కదా, అక్కడినుంచి పిల్లల మొహాలు కనిపించవు. బెంచీల కింది భాగం మాత్రం శుభ్రంగా కనిపిస్తుంది. రోజంతా దీనికి కనిపించేది ముప్పై జతల కాళ్ళు.

“కిటికీ పక్క బెంచీ కింద అడ్డపట్టీ ఉంది చూడు,” అంది చెల్లి నా భుజం మీదినుంచి. “పోయిన వారం రెండు రోజులు ఆ పాప ఎడమ చెయ్యి ఆ పట్టీకి కట్టేసి ఉంది. తెల్ల రిబ్బను. లాక్కోవడం లేదు, ఏడవడం లేదు. పక్కనే నీ చెప్పులున్నాయి. నువ్వు ఆ పాప దగ్గరే నిలబడ్డావు. చాలాసేపు నిలబడ్డావు.”

“దాని రాత దిద్దుతున్నాను కాబట్టి నిలబడ్డాను. రిబ్బను నేను చూడనే లేదు.”

“కింద కట్టి ఉంటే పైనుంచి ఎలా కనిపిస్తుంది అంటావా?”

“అదే అంటున్నాను.”

“కట్టిన వాళ్ళకు చూడాల్సిన పనేముంది?” అంది.

చెయ్యెత్తాను. దానిని ఎప్పుడూ కొట్టలేదు, ఆ రోజూ కొట్టలేదు, కానీ ఎత్తిన చెయ్యి దించడానికి కొంచెం సేపు పట్టింది. చెల్లి కదలలేదు. కుర్తా ఎడమ చెయ్యి పైకి లాగి, మణికట్టు తిప్పి బల్ల మీద పెట్టింది. అక్కడ ఏ మచ్చా లేదు. ముప్పై మూడేళ్ళ తర్వాత ఏముంటుంది? అయినా మా ఇద్దరికీ ఎక్కడ చూడాలో తెలుసు.

అమ్మ మిల్లులో పొద్దుటి షిఫ్టుకి పోయేది. అయిదేళ్ళ చెల్లి నా చేతిలో ఉండేది. ఎడమ చేత్తో రాసే పిల్లను బడిలో చేర్చుకోం అని చెప్పేశారు, రెండు నెలలు గడువిచ్చారు. నాకప్పుడు పదిహేడేళ్ళు. బతిమాలాను, బొమ్మలిచ్చాను, తిట్టాను. చివరికి నా నీలం రిబ్బను తీసి దాని ఎడమ చేతిని మంచం కోడుకి కట్టి, కుడి చేతికి పెన్సిలిచ్చాను. రెండు నెలల్లో రాసింది. బడిలో చేరింది. చదువుకుంది, ఉద్యోగం తెచ్చుకుంది. నా జీవితంలో నేను సాధించిన మొదటి ఘనకార్యం అది. ఎంతమందికి చెప్పుకున్నానో. రిబ్బను సంగతి మాత్రం ఎవరికీ చెప్పలేదు.

“నిన్ను బడిలో చేర్పించాలనే చేశాను,” అన్నాను.

“తెలుసు. అందుకే నీ దగ్గరికి రాలేదు. వస్తే అదే మాట అంటావు. నేను మళ్ళీ తలూపుతాను. అక్క బాగా నేర్పుతోందా అని అమ్మ అడిగినప్పుడూ తలూపాను. అప్పుడు నాకేమనిపించేదో తెలుసా? ఆ చెయ్యి ఏదో తప్పు చేసిందనుకునేదాన్ని. ఏం తప్పు చేసిందో తెలిసేది కాదు.” కుర్తా చెయ్యి కిందికి దించుకుంది. “ముప్పై ఎనిమిదేళ్ళు వచ్చాయి నాకు. ఈ చెయ్యి రాసిన మొదటి ఉత్తరం అది. మూడు వాక్యాలకి గంటన్నర పట్టింది.”

నాకు దాని మీద జాలేసింది. వెంటనే దాని మీదే కోపం కూడా వచ్చింది, ఎందుకంటే అది నా పాత తప్పుని తెచ్చి నా కొత్త మొహానికి పులుముతోంది. అప్పుడు కట్టాను, నిజం. ఇప్పుడు కట్టలేదు, అదీ నిజం. కమిటీ వాళ్ళకు ఈ రెండింటికీ తేడా ఎలా చెప్పను?

“రేపు పెద్ద మేడమ్‌కి చెప్తాను, రాసింది నువ్వని,” అన్నాను.

“చెప్పు. మంచం కోడు సంగతి కూడా అడుగుతారు. అదీ చెప్పు.”

బల్ల మీది కాగితం మడిచి, మళ్ళీ విప్పాను.

“ఆ పాపను నేను కట్టలేదే,” అన్నాను చివరికి. “నీ మీద ఒట్టు.”

చెల్లి నన్ను చూసింది. నమ్మాలని ఉంది దానికి, అది కనిపిస్తూనే ఉంది. “నువ్వు కాకపోతే ఇంకెవరక్కా? ఆ గదిలో పెద్దవాళ్ళు నువ్వు ఒక్కదానివే కదా,” అంది.

ఫ్లాస్కులో టీ అలాగే వదిలేసి వచ్చేశాను.

గురువారం పొద్దున అందరికన్నా ముందు బడికి వచ్చాను. పిల్లలు వేలితో అక్షరాలు దిద్దుకునే ఇసుక పళ్ళాలు నింపాలి. అరచేత్తో ఇసుక చదును చేస్తూ మొదటి పళ్ళెం దగ్గర ఉన్నాను, గుమ్మంలో అలికిడయింది. ఉడుత. తండ్రి పెద్ద మేడమ్ గదిలోకి వెళ్ళి ఉంటాడు, ఇది అలవాటుగా తన గదికి పరుగెత్తుకొచ్చేసింది. రెండు జడలు, తెల్ల రిబ్బన్లు, మొహమంతా నవ్వు. మూడు రోజుల తర్వాత వచ్చింది కదా.

“టీచర్, నాకు సున్నా వచ్చేసింది. కుడి చేత్తో వచ్చేసింది. చూపిస్తా,” అంది.

“చూపించు.”

తన బెంచీలో కూర్చుంది. పలక తీసింది. నేను గోడవైపు తిరిగి పళ్ళెం పక్కన పెట్టి, మళ్ళీ ఇటు తిరిగేసరికి దాని ఎడమ జడ ఊడిపోయి ఉంది. రిబ్బను చేతిలో ఉంది. ఒక కొస పళ్ళతో పట్టుకుంది, రెండో కొస కుడి చేత్తో మణికట్టు చుట్టూ తిప్పుతోంది. నాలుక కొన బయటపెట్టి, శ్రద్ధగా. ఇన్నాళ్ళూ ఊడిన ఆ జడ చూసి, తల్లికి పిల్లను సరిగా తయారుచేయడం చేతకాదని తిట్టుకుంటూ ఉన్నాను.

పిల్ల ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాను.

“ఏం చేస్తున్నావురా?”

“పడుకోబెడుతున్నా.”

“ఎవర్ని?”

“దీన్ని,” అంటూ ఎడమ చెయ్యి చూపించింది. నా తెలివితక్కువతనానికి ఆశ్చర్యపోయినట్టు చూసింది. “మీరే చెప్పారు కదా టీచర్. ఇది రాసే చెయ్యి, అది పడుకునే చెయ్యి, రాసేటప్పుడు దాన్ని పడుకోబెట్టాలని. అందరి చేతులూ పడుకున్నాయి. నాది లేచిపోతూనే ఉంది. అందుకని బెంచీ కింద పట్టీకి కట్టేశాను. అప్పుడు మీరు నాకు స్టార్ ఇచ్చారు.”

ఇచ్చాను. పోయిన వారమే ఇచ్చాను. ఒళ్ళో చెయ్యి పెట్టుకుని బుద్ధిగా రాస్తోందని మురిసిపోయి, రెండు రోజులూ నుదుటి మీద ఎర్ర స్టార్ అంటించాను. చేతిని పడుకోబెట్టే ఆట నేనే కనిపెట్టాను. కొట్టకుండా, కట్టకుండా ఎడమ చేతి రాత మాన్పించే ఉపాయమని గర్వపడ్డాను. ఇరవై రెండేళ్ళలో ఎడమ చేత్తో రాసే పిల్ల ఒక్కతె కూడా నా గది దాటి పోలేదని చెప్పుకుంటూ తిరిగాను. వాళ్ళలో ఎంతమంది జడలు ఊడాయో నేను చూడలేదు. పిల్ల అబద్ధం ఆడలేదు. టీచరే చెప్పింది.

“బస్సు ఎక్కేశాను చూడండి,” అంటూ పలక మీద చుక్క పెట్టింది. అంతలో మణికట్టు మీద రిబ్బను వదులైంది. మొహం ముడుచుకుంది. కట్టిన చెయ్యి నా ముందుకు చాచింది.

“ఒక్క చేత్తో బిగించడం రావట్లేదు టీచర్. మీరు కట్టండి.”

దాని చెయ్యి పట్టుకున్నాను. మణికట్టు మీద పాత గీత ఇంకా లేత గులాబీ రంగులో ఉంది. విప్పేద్దామని రిబ్బను కొసలు రెండూ చేతుల్లోకి తీసుకున్నాను. ముడి పంటితో బిగించింది కదా, గట్టిగా చిక్కుపడింది. విప్పాలంటే ముందు లాగాలి.

లాగాను.

“పెద్ద మేడమ్,” అంది మగ గొంతు నా వెనక, చాలా నెమ్మదిగా. “ఇంకా కమిటీ ఎందుకండి?”

తలతిప్పి చూశాను. గుమ్మంలో ఫ్యాన్ల ఆయన, ఆయన పక్కన పెద్ద మేడమ్ ఉన్నారు. వాళ్ళ వెనక, మూడు మెట్లెక్కి హాజరు పుస్తకం పట్టుకుని వచ్చిన నా చెల్లి. మొట్టమొదటిసారి అది ఆ బెంచీని పైనుంచి చూస్తోంది. ఉడుత వాళ్ళ వైపు చూసి నవ్వింది. రిబ్బను రెండు కొసలూ నా చేతుల్లోనే ఉన్నాయి.